వదిన రాసిన పన్నెండో పేజీ

మా వదినకి తప్పు ఒప్పుకునే అలవాటు లేదు. చెయ్యను కాబట్టి ఒప్పుకోను అంటుంది. ముప్ఫై ఏళ్ళుగా వింటున్నాను, నూటికి తొంభైతొమ్మిదిసార్లు ఆవిడ మాటే నిజమైంది. మిగిలిన ఆ ఒక్కసారి గురించే ఈ రాత. అందులో నా చెయ్యి కూడా ఉంది కాబట్టి, ఇంకెవరో రాసేకంటే నేనే రాసుకోవడం మర్యాద.

వదినంటే మా అన్నయ్య భార్య. ఇది విడమరిచి చెప్పాలి, ఎందుకంటే బజారు బజారంతా ఆవిణ్ణి వదినా అనే పిలుస్తుంది. కింది టైలరు, పక్క జిరాక్సు షాపాయన, మెట్ల దగ్గర స్టూలేసుకుని కూర్చునే వాచ్‌మన్, అందరూ. అసలు ఆడపడుచుని నేనొక్కదాన్నే, మిగతావాళ్ళంతా కాపీలు. ఈ మాట ఆవిడతోనే అంటే, "కాపీలైతేనేం, నీకంటే బాగా పనిచేస్తున్నాయి" అంది.

షాపు మొదటి అంతస్తులో, మెట్లెక్కగానే ఎడమవైపు. ఎనిమిదడుగుల వెడల్పు, దానికి రెట్టింపు పొడవు. ఇప్పుడక్కడ ల్యాప్‌టాప్‌లూ ఫోన్లూ బాగుచేస్తారు. బల్లమీద అయస్కాంతం అడుగున్న పళ్ళెం, అందులో స్క్రూలు, మెడ వంగే దీపం, గోడకి మేకులు, మేకులకి రంగురంగుల వైర్లు. ఆ చివర పడమటి వైపు ఒకటే కిటికీ. ఆ కిటికీతో మనకి పనుంది.

ఒకప్పుడు ఆ షాపులో ఒకటే వ్యాపారం, కంప్యూటర్ ఆటలకి నకళ్ళు తియ్యడం. ఫ్లాపీల కాలం. పెట్టెలో వచ్చే అసలు ఆటని కొనేవాళ్ళు ఊరికి పదిమంది ఉంటే, వదిన దగ్గర నకలు కొనేవాళ్ళు వెయ్యిమంది. చట్టం దాన్ని దొంగతనం అంటుంది. నేను సున్నం కొట్టి తెల్లగా చూపించను. కానీ ఆ దొంగతనంలో కూడా ఆవిడది పెద్ద పట్టింపు. ప్రతి ఫ్లాపీనీ మిషన్లో పెట్టి, మూడో మెట్టు దాకా ఆడి చూస్తేగాని కవర్లో పెట్టేది కాదు. కవరు మీద ఆట పేరు గుండ్రటి అక్షరాలతో తనే రాసేది. వేరే షాపుల్లో కొన్న నకలు మధ్యలో ఆగిపోతే, వాళ్ళూ వచ్చి మా వదిన దగ్గరే మొర పెట్టుకునేవారు.

తర్వాత సీడీలొచ్చాయి, ప్రతి ఇంట్లోనూ కాపీలు తీసే కంప్యూటర్లొచ్చాయి. వదిన ఆ వ్యాపారం మానేసింది. పాపభీతితో మానిందనుకుంటే పొరపాటే. "ఇందులో పనితనం పోయింది" అని మానింది.

ఆ ఫ్లాపీల రోజుల్లోనే మన భాషలో ఒక ఆట వచ్చింది. పేరు 'పన్నెండు తలుపుల ఇల్లు'. ఒక పాడుబడ్డ ఇంట్లో గది తర్వాత గది దాటుకుంటూ పోవాలి. అక్కాతమ్ముళ్ళిద్దరు కలిసి చేశారట. బొమ్మలూ మాటలూ అక్కవి, ప్రోగ్రాము తమ్ముడిది, దానికి వేసిన తాళం కూడా తమ్ముడిదే. ఆ తాళం గురించి కాస్త చెప్పాలి.

ఆట పెట్టెలో ఫ్లాపీతోపాటు ఒక చిన్న ఎర్ర పుస్తకం ఉండేది. పన్నెండు తలుపులకి పన్నెండు పేజీలు. పేజీకి ఇరవై వరుసలు, వరుసకి ఆరు బొమ్మలు. గంట, కుండ, చేప, చెట్టు, కన్ను, చెప్పు, ఈ ఆరే అటూ ఇటూ మారుతూ ఉంటాయి. ప్రతి తలుపు దగ్గరా ఆట ఆగి, ఫలానా వరుస చెప్పు అంటుంది. పుస్తకం చూసి ఆ ఆరు బొమ్మలూ నొక్కితే తలుపు తెరుచుకుంటుంది. మూడుసార్లు తప్పితే ఫ్లాపీ తనని తానే చెరిపేసుకుంటుంది. ఫ్లాపీ మూలనుండే చిన్న కిటికీ తెరిచి చెరగకుండా ఆపుదామంటే, అలా తెరిచినదానితో ఆట అసలు మొదలే కాదు. పుస్తకమేమో ముదురెర్ర కాగితం మీద నల్లసిరాతో అచ్చు. జిరాక్సు తీస్తే తాటాకు మసిబట్టినట్టు నల్లగా వస్తుంది. మామూలుగా చదవాలన్నా కళ్ళు పొడుచుకోవాలి.

తాడిని తన్నేవాడుంటే వాడి తల తన్నేవాడుంటాడు. మా వదిన చేత్తో రాసేద్దామంది.

అసలు పెట్టె కొన్నది ఒక పళ్ళ డాక్టరు. రెండు రోజులు అరువిచ్చాడు, రెండో రోజు సాయంత్రం అయిదింటికి వచ్చి తీసుకెళ్తానన్నాడు. వదిన కిటికీ దగ్గర కుర్చీ వేసుకుని, ఎర్ర పుస్తకాన్ని వెలుతురుకి ఏటవాలుగా పట్టుకుని, తెల్ల కాగితాల మీద పద్నాలుగు వందల నలభై బొమ్మలు గీసింది. నాకప్పుడు పంతొమ్మిదేళ్ళు. కాలేజీ అయ్యాక షాపుకొచ్చేదాన్ని. పేజీ అయిన వెంటనే సరిచూడాలని ఆవిడ రూలు. నేను ఎర్ర పుస్తకం పట్టుకుని పైకి చదవాలి, "గంట, చేప, కన్ను, కన్ను, కుండ, చెట్టు." ఆవిడ తన కాగితం చూసుకుని "ఊఁ" అనాలి. ఊఁ అన్నాకే నేను పెన్సిల్‌తో ఆ వరుస పక్కన టిక్కు పెట్టాలి. తేడా వస్తే ఆవిడ కొట్టేసి పక్కన దిద్దుతుంది. పదకొండు పేజీలు అలాగే చూశాం.

పన్నెండో పేజీ రాయడం పూర్తయ్యేసరికి రెండో రోజు నాలుగున్నర. సరిగ్గా అప్పుడే ప్రెస్సు నుంచి కబురొచ్చింది, అన్నయ్య వేలు కటింగ్ మిషన్లో తెగిందని. అన్నయ్య ప్రెస్సులో బైండరు. వదిన పెన్ను కింద పెట్టి, "ఈ పేజీకి ఎర్ర పుస్తకం, నా కాగితం రెండూ నువ్వే చూసి టిక్కులు పెట్టు. డాక్టరొస్తే పుస్తకం ఇచ్చెయ్" అని మెట్లు దిగింది.

అన్నయ్యకి మూడు కుట్లు పడ్డాయి, అంతకుమించి ఏం కాలేదు. నాకు మాత్రం ఎదురుగా కంప్యూటర్ ఖాళీగా కనిపించింది. రెండ్రోజులుగా ఆ ఆట మీద నా ప్రాణం కొట్టుకుంటోంది. మూడో తలుపు దాకా వచ్చి ఆగి ఉన్నాను. డాక్టరు రావడానికి అరగంట. ఒక్కదాన్నే నూట ఇరవై బొమ్మలు సరిచూస్తే ఆ అరగంటా పోతుంది. పెన్సిల్ తీసి ఇరవై టిక్కులు పెట్టేశాను. ఒక్క వరుసా చదవలేదు. మా వదిన తప్పు రాయదు కదా అనుకున్నాను. ఈ ముక్క ఇన్నేళ్ళలో ఎవరికీ చెప్పలేదు. దొంగకి తేలు కుట్టినట్టు ఊరుకున్నాను.

కట్టు ఉన్న చేత్తోనే అన్నయ్య ఆ కాగితాలకి గుడ్డ అట్ట వేసి పుస్తకంగా కుట్టాడు. దాన్ని పక్కషాపులో జిరాక్సు తీయించి, ప్రతి నకలుతోనూ ఒక పుస్తకం ఇచ్చేవాళ్ళం. రెండువందల పైచిలుకు పోయాయి. ఎక్కువమంది ఆరో తలుపు, ఏడో తలుపు దగ్గరే విసుగొచ్చి మానేశారు.

పోస్టుమ్యాన్ మానలేదు. మా బజారుకి ఉత్తరాలు తెచ్చేవాడు, మహా మొండిఘటం. నెల తర్వాత వచ్చి, "వదినా, చివరి తలుపు రావట్లేదు" అన్నాడు. వదిన ఇంకో ఫ్లాపీ ఇచ్చి, జాగ్రత్తగా నొక్కమంది. మళ్ళీ వచ్చాడు. మళ్ళీ ఇచ్చింది. మూడోసారి మాటా మాటా పెరిగింది.

"పుస్తకంలోనే తప్పుంది వదినా."

"నా పుస్తకంలో తప్పుండదు. నేను చూశాను, మా ఆడపడుచు చూసింది. టిక్కు చూడు."

పట్టిన కుందేలుకి మూడే కాళ్ళు. పోస్టుమ్యాన్ టిక్కుల వంక చూశాడు, నా వంక చూశాడు. నేను ఫ్లాపీ కవర్లు సర్దుతున్నట్టు తలొంచుకున్నాను. ఆయన మెట్లు దిగి వెళ్ళిపోయాడు. ఆ తర్వాత మా ఉత్తరాలన్నీ కింద వాచ్‌మన్‌కే ఇచ్చేవాడు. రిటైరయ్యేదాకా మళ్ళీ మా మెట్లెక్కలేదు.

ఇదంతా ఇరవైతొమ్మిదేళ్ళ నాటి మాట. ఇప్పుడు నేను అన్నయ్య పనిచేసిన ప్రెస్సులోనే ప్రూఫులు దిద్దుతాను. ఒకరి తప్పులు పట్టడమే నా జీతం. నవ్వుకునేవాళ్ళు నవ్వుకోవచ్చు.

కిందటి నెల ఒక శనివారం మధ్యాహ్నం, నేను షాపులో ఉండగా ఒక పెద్దాయన వచ్చాడు. అరవై దాటి ఉంటాయి, ఇస్త్రీ చొక్కా, చంకలో తోలుసంచీ. మెట్లెక్కిన ఆయాసం తీరాక అడిగాడు.

"పన్నెండు తలుపుల ఇల్లు అని పాత ఆట. దానికి చేత్తో రాసిన పుస్తకం మీ దగ్గర ఉందని ఎవరో ఇంటర్నెట్‌లో రాశారు."

"ఉంది. మీకెందుకు?" అంది వదిన, చేతిలోని విప్పిన ఫోను కింద పెట్టకుండానే.

"ఆ ఆట చేసింది నేనే."

వదిన ఫోను కింద పెట్టి, కుర్చీ మీది గుడ్డముక్కలు తీసి, "కూర్చోండి. ఎర్ర కాగితం అచ్చేసింది మీరేనా? నా కళ్ళజోడు నంబరు అప్పుడే పెరిగింది" అంది.

ఆయన కూర్చోలేదు. "మీలాంటివాళ్ళ వల్లే నా కంపెనీ మూతపడింది. నాలుగువేల పెట్టెలు చేయించాం. ఆరువందలు అమ్ముడుపోయాయి."

"ఆ ఆరువందల్లో నలభైమంది నా దగ్గరికొచ్చారు. పెట్టె కొనుక్కున్నవాళ్ళే. మీ ఎర్ర పుస్తకం చదవలేక నా తెల్ల పుస్తకం అడిగారు. కొన్నవాణ్ణి గుమ్మంలో నిలబెట్టి ప్రశ్నలడగడం ఏం పద్ధతి సార్?"

"ఒప్పుకుంటాను. మరి కొననివాళ్ళ మాటేమిటి?"

"వాళ్ళెలాగూ కొనరు అని అప్పట్లో అనేదాన్ని." వదిన దీపం మెడ పక్కకి తిప్పింది. "అందరూ కాదు. కొంతమంది కొనేవాళ్ళే. నేను చవగ్గా ఇస్తుంటే మానేశారు. అది నిజం."

ఆవిడ నోట అలాంటి మాట నేనెప్పుడూ వినలేదు. ఆయనా ఇంకాస్త గట్టిగా వాదించడానికే వచ్చినట్టున్నాడు, వాదన ఇంత తొందరగా సగానికి రావడంతో ఏం చెయ్యాలో తోచక కూర్చున్నాడు. కూర్చున్నాక అసలు సంగతి చెప్పాడు.

తాళం వద్దని వాళ్ళక్క ముందునుంచీ అందట. "నీ తాళం ముందు నిన్నే బయట నిలబెడుతుందిరా" అందట. ఆయన వినలేదు. చివరి గది మాత్రం అక్క ఒక్కతే చేసింది, ఆ చివరి వరుస బొమ్మలూ తనే పెట్టుకుంది. నువ్వు కూడా ఆడుకుంటూ వచ్చి చూడు అంది. ఆట బయటికొచ్చాక తీరిగ్గా చూద్దామనుకున్నాడు. ఆ తీరిక రాలేదు. కంపెనీ మునిగింది, నీ వల్లంటే నీ వల్లని ఇద్దరూ మాటలనుకున్నారు, రాకపోకలు ఆగిపోయాయి.

"రెండు నెలల కిందట ఆవిడ కంటికి ఆపరేషనయింది. హాస్పిటల్‌కి వెళ్ళాను. ఇన్నేళ్ళ తర్వాత నన్ను చూసి ఒకటే మాటడిగింది. చివరి గది చూశావా అని. లేదన్నాను. చూసి రా, అప్పుడు మాట్లాడదాం అని గోడవైపు తిరిగి పడుకుంది. డెబ్భై ఏళ్ళు మా అక్కకి. నాకింకెవరూ లేరు."

గోడౌన్లో నీళ్ళొచ్చి ఎర్ర పుస్తకాలన్నీ ఇటుకల్లా అతుక్కుపోయాయట. పనిచేసే ఫ్లాపీ ఒక్కటే మిగిలింది. తాళం పగలగొట్టి లోపల చూద్దామంటే, చివరి గది మొత్తాన్ని ఆ ఆరు బొమ్మలతోనే ముడివేసి దాచాడట, అవి తప్ప వేరే దారే లేకుండా. "అప్పట్లో అది చూసుకుని చాలా గర్వపడ్డాను" అన్నాడు.

వదిన లేచి పై అరలోంచి గుడ్డ అట్ట పుస్తకం తీసింది. పాత కంప్యూటర్ని ఆవిడ పారెయ్యలేదు, ఏదీ పారెయ్యదు. ఆయన ఫ్లాపీ పెట్టి, పదకొండు తలుపులూ మా పుస్తకం చూస్తూ తెరుచుకుంటూ పోయాడు. ప్రతి తలుపుకీ వదిన నా వైపు చూసి కనుబొమ్మ ఎగరేస్తోంది.

పన్నెండో తలుపు చివరి వరుస అడిగింది. వదిన చదివింది. "గంట, చేప, కుండ, కన్ను, గంట, చెట్టు."

తప్పు అని వచ్చింది.

"మీరు తొందరపడ్డారు సార్, మెల్లగా నొక్కండి" అంది వదిన. పోస్టుమ్యాన్‌కి చెప్పిన మాటే. ఆయన ఒక్కొక్క బొమ్మా వేలితో చూపించుకుంటూ నొక్కాడు. మళ్ళీ తప్పు. తెర కింద ఎర్రగా, ఇంకొక్కసారే అని పడింది. ఆయన కీబోర్డు మీంచి రెండు చేతులూ తీసి ఒళ్ళో పెట్టుకున్నాడు.

"నా పుస్తకంలో తప్పుండదు" అంది వదిన. గొంతులో బలం అలాగే ఉంది, ముఖంలో మాత్రం లేదు.

ఆ పెద్దాయన ఒళ్ళో పెట్టుకున్న చేతులు చూశాక నేనింక ఆగలేకపోయాను. "ఉంది వదినా. ఆ పేజీ నేను చూడలేదు. అన్నయ్య వేలు తెగిన రోజు. ఆడుకోవాలని టిక్కులు పెట్టేశాను."

నాకు ఏడుపొచ్చింది. యాభైకి దగ్గరపడ్డ మనిషిని, టిక్కుల కోసం ఏడ్చాను. వదిన తిట్టలేదు. పుస్తకం దీపం కిందకి లాగి, కళ్ళద్దం పెట్టి పన్నెండో పేజీ చూసింది. తర్వాత పదకొండో పేజీ, పదో పేజీ, అలా వెనక్కి తిప్పుకుంటూ పోయింది.

"ఇటు రా. ఈ పేజీల్లో ఏం కనిపిస్తోంది?"

చూశాను. ప్రూఫులు దిద్దే కన్ను కదా, వెంటనే కనిపించింది. పదకొండు పేజీల్లోనూ దిద్దుబాట్లున్నాయి, పేజీకి పదీ పన్నెండూ. అన్నీ ఒకే రకం. గంట కొట్టేసి కుండ, కుండ కొట్టేసి గంట. ముదురెర్ర కాగితం మీద నల్ల గంటా, బోర్లించిన నల్ల కుండా ఆవిడ కంటికి ఒకేలా ఆనాయి. మిగతా బొమ్మల్లో ఒక్క తప్పూ లేదు. పన్నెండో పేజీ మాత్రం ఒక్క కొట్టివేతా లేకుండా, కడిగిన ముత్యంలా ఉంది. అదే దాని రోగం.

"టిక్కులు కూడా చూడు" అంది వదిన. "చదువుతూ పెట్టినవైతే ఒకటి పెద్దది, ఒకటి చిన్నది ఉంటాయి. ఇవి ఇరవై ఒకే వాలులో ఉన్నాయి. ఇన్నాళ్ళూ ఈ పేజీ చూడనే లేదు నేను. ఇంటి దొంగని ఈశ్వరుడైనా పట్టలేడని ఊరికే అనలేదు."

తిట్టు అంతే. ఆ తర్వాత పనిలో పడింది. ఆ వరుసలో గంటా కుండా కలిపి మూడున్నాయి. ఒక్కోటి అదైనా కావచ్చు, ఇదైనా కావచ్చు. మొత్తం ఎనిమిది రకాలు, ఒకటి తప్పని తేలిపోయింది, ఏడు మిగిలాయి. చేతిలో ఉన్నది మాత్రం ఒక్క ఛాన్సు.

"ఈ ఫ్లాపీకి ఏడు నకళ్ళు తీస్తే సరి. తెరిచిన తలుపులూ చేసిన తప్పులూ అందులోనే ఉంటాయి. ఒక్కోదానికి ఒక్కో ఛాన్సు" అంది.

ఆయన తలెత్తాడు. "ఈ ఫ్లాపీకి నకలు రాదమ్మా. ఆ ఏర్పాటు చేసింది నేనే."

"ఫ్లాపీ లోపలి బిళ్ళ మీద ఒకచోట సూదితో గీశారు. నకలు తీసే మిషను అక్కడికొచ్చి తడబడుతుంది, అంతేగా? దాన్ని గీతతో సహా తీసే మిషను నా దగ్గరుంది. రెండువందలు తీశాను సార్ మీ ఆటకి."

ఆయన ముఖం ఎర్రబడింది. వదిన అరమీది మిషను దించింది. టైలరు కుట్టిచ్చిన గుడ్డ తొడుగు విప్పి, దుమ్ము దులిపి, వైరు తగిలించింది. పాత ఫ్లాపీల డబ్బా తెరిచి పనికొచ్చేవి ఏరింది. అన్నీ సిద్ధం చేసుకుని చేతులు కట్టుకుని నిలబడింది.

"అప్పుడు అడక్కుండా తీశాను. ఇప్పుడు మీరు తియ్యమంటేనే తీస్తాను. వద్దంటే ఫ్లాపీ ఇచ్చేస్తాను, మీ ఒక్క ఛాన్సూ మీరే చూసుకోండి."

ఆయన లేచి కిటికీ దగ్గరికి వెళ్ళాడు. వదిన ఆ రెండ్రోజులూ కూర్చున్నది అక్కడే అని నేను చెప్పలేదు. కాసేపు కింద రోడ్డు చూశాడు.

"నకళ్ళు తీసేవాళ్ళని జైల్లో పెట్టించాలని పేపర్లకి ఉత్తరాలు రాసేవాణ్ణి" అన్నాడు అటు తిరిగే. "ఇప్పటికీ అది తప్పనుకోను. మనిషి పడ్డ కష్టానికి విలువుండాలి."

"ఉండాలి" అంది వదిన.

"మా అక్కతో మాట్లాడాలి నేను."

ఆయన ఇటు తిరిగాడు.

"తియ్యండి."

ఆ మిషను పాత కుట్టుమిషన్లా టకటకమంటూ నడిచింది. ఒక్కో ఫ్లాపీకి ఆరేడు నిమిషాలు. నేను ఏడు వరుసలూ ఏడు చీటీల మీద రాసి, ఈసారి పైకి చదివాను. వదిన ఊఁ అంది. టిక్కు పెట్టాను. ఆయన మా ఇద్దరినీ వింతగా చూశాడు. ఏడు అయ్యాక వదిన ఇంకో ఫ్లాపీ పెట్టింది.

"ఎనిమిదోదెందుకు?" అన్నాడాయన.

"మాకో పోస్టుమ్యాన్ ఉండేవాడు. మీ చివరి తలుపు దాకా వెళ్ళింది మా వాళ్ళలో ఆయనొక్కడే. నా మీద నమ్మకంతో మూడుసార్లు వచ్చాడు, నేనే తప్పుబట్టి పంపించాను. మీకిష్టమైతే ఇస్తాను. లేకపోతే చెరిపేస్తాను."

ఆయన మొదటి నకలు అందుకుని కంప్యూటర్లో పెట్టాడు.

మొదటి నకలు తప్పంది, చెరిగిపోయింది. రెండోది, మూడోది, నాలుగోదీ అంతే. చెరిగిపోయిన ప్రతి ఫ్లాపీనీ ఆయన బయటికి తీసి బల్ల అంచున వరసగా పేరుస్తున్నాడు. అయిదోదాంట్లో నొక్కాడు, "కుండ, చేప, గంట, కన్ను, గంట, చెట్టు." తప్పని రాలేదు. తెర నల్లబడింది. ఒక్క క్షణం ఇదీ పోయిందనుకున్నాం. తర్వాత పైనుంచి ఒక్కో గీతగా బొమ్మ దిగడం మొదలైంది.

దాచిన నిధులేవో ఉంటాయనుకున్నాను. మామూలు వంటగది. గట్టుమీద స్టవ్, గోడకి గరిటెలు, ఒక బల్ల, రెండు కుర్చీలు. ఒక కుర్చీ కొద్దిగా వెనక్కి లాగి ఉంది, ఎవరో ఇప్పుడే కూర్చోబోతున్నట్టు. తలుపు బార్లా తెరిచి ఉంది. ఆ తలుపుకి గడియ కూడా గీయలేదు. కింద, చుక్కచుక్క పేర్చి చేసిన అక్షరాలు.

'ఈ గదికి తాళం లేదు. ఎలా వచ్చావని అడగను. వచ్చావు కదా, కూర్చో.'

ఆయన కళ్ళజోడు తీసి చొక్కా అంచుతో తుడుచుకున్నాడు. "మా ఇల్లే ఇది. బడి నుంచి ఆలస్యంగా వస్తే అమ్మ తలుపేసేసేది. అక్క వంటింటి తలుపు తీసి ఉంచేది నాకు" అన్నాడు. వదిన పక్కకి తిరిగి, ఏమీ లేని పళ్ళెంలో స్క్రూలు ఏరడం మొదలుపెట్టింది. ఆవిడ కళ్ళనీళ్ళు పెట్టుకోవడం మా అన్నయ్య వేలు తెగిన రోజున కూడా నేను చూడలేదు.

ఆయన అక్కడే కూర్చుని ఫోను చేశాడు. తొందరలో వేలు తగిలి స్పీకర్ నొక్కుకుపోయింది, ఆయన గమనించలేదు.

"ఎవరూ?"

"నేనేనే అక్కా. చివరి గది చూశాను."

తెరమీది వంటగది వైపే చూస్తూ ఆయన ఆగకుండా చెప్పుకుపోయాడు.

"నా తాళం నేనే తెరవలేకపోయానక్కా. ఇక్కడ ఒకావిడ చేత్తో రాసిన పుస్తకం, అందులోనూ ఒక తప్పు, మళ్ళీ నకళ్ళు తీసి..."

"నేనేమైనా అడిగానా?" అంది ఆ గొంతు. "ఎప్పుడొస్తున్నావో చెప్పు."

రేపొస్తానన్నాడు. రేపెందుకు, ఇవాళ వచ్చేయ్ అందావిడ. ఆయన అయిదో ఫ్లాపీ జాగ్రత్తగా సంచీలో పెట్టుకుని లేచాడు. గుమ్మం దాకా వెళ్ళి వెనక్కి వచ్చి, బల్లమీద విడిగా ఉన్న ఎనిమిదో ఫ్లాపీ అందుకుని, జేబులోంచి పెన్ను తీసి దాని కవరు మీద సంతకం చేశాడు. "మీ పోస్టుమ్యాన్‌కి నా తరఫున ఇవ్వండి" అని మెట్లు దిగాడు.

వదిన పన్నెండో పేజీ చివరి వరుసలో గంట కొట్టేసి కుండ, కుండ కొట్టేసి గంట దిద్దింది. ఆ పేజీ జిరాక్సు తీయించి, ఫ్లాపీతోపాటు నా చేతిలో పెట్టింది.

"నువ్వే వెళ్ళాలి. తప్పు మనదని చెప్పు. నీదని విడిగా చెప్పక్కర్లేదు, షాపు తప్పే."

మర్నాడు పొద్దున్నే వెళ్ళాను. పోస్టుమ్యాన్ వరండాలో మొక్కలకి నీళ్ళు పోస్తున్నాడు. నేను మనది అనలేదు, నాదనే చెప్పాను, టిక్కులతో సహా. ఆయన గొట్టం కింద పెట్టి, కాగితం వెలుతురుకి పట్టుకుని, గంటనీ కుండనీ చాలాసేపు చూశాడు. తర్వాత చెప్పులు వేసుకుని, "పద, మా ఇంట్లో ఫ్లాపీ పెట్టే కంప్యూటర్ లేదు" అన్నాడు. ఇరవైతొమ్మిదేళ్ళ తర్వాత మా మెట్లెక్కాడు. పైన వదిన కంప్యూటర్ పెట్టి, దాని ముందు కుర్చీ కొద్దిగా వెనక్కి లాగి ఉంచింది.